ఎనిమిదో ప్లేటు

శనివారం ఉదయం పది కొట్టడానికి ఐదు నిమిషాలుందనగా సూరమ్మ దోనె మొదటి బార్జి పక్కన ఆగింది. రాజకుమారి చీర కుచ్చెళ్ళు పైకి దోపుకుని, ఇనుప నిచ్చెన పట్టుకుని, ఎవరి సాయమూ లేకుండా పైకెక్కేసింది. యాభై రెండేళ్ళ ఆడమనిషి అంత చులాగ్గా ఎక్కుతుందని పైనున్న గార్డు అనుకోలేదు. అందించడానికి అతను చాపిన చెయ్యి అలాగే గాల్లో ఉండిపోతే, రాజకుమారి ఆ చేతికి తన హ్యాండ్‌బ్యాగు తగిలించి, థాంక్సండీ అంది.

ఆమె ఏలూరులో డిటెక్టివ్ ఏజెన్సీ పెట్టి ఆరేళ్ళయింది. అంతకుముందు పదిహేడేళ్ళు ఇన్సూరెన్సు సర్వేయర్ల దగ్గర పనిచేసింది. కాలిపోయిన గోడౌన్లు, కాలవలో పడ్డ లారీలు, రాత్రికి రాత్రి ఖాళీ అయిపోయిన చేపల చెరువులు చూసి చూసి, మనిషి చెప్పే మాటకీ కంటికి కనిపించే వస్తువుకీ మధ్య ఎక్కడ సందుందో పట్టుకోవడం ఆమెకు అలవాటైపోయింది. ఆ సందు దొరికినప్పుడల్లా ఆమెకు పట్టరాని సంతోషం. ఆ సంతోషం కోసమే ఈ వృత్తిలో ఉన్నానని అడిగినవాళ్ళకి దాచకుండా చెబుతుంది.

కొల్లేటికోటకు మైలు దూరంలో, నీళ్ళ మధ్య, మూడు బార్జీలు, సరుకు మోసే బల్లపరుపు పడవలు, గొలుసులతో ఒకదానికొకటి కట్టి ఉన్నాయి. ఒక్కోదాని మీద మూడంతస్తుల ఎత్తున బూడిదరంగు ఇనుప పెట్టెలు. కిటికీ అన్నది లేదు. మేఘనావ టెక్నాలజీస్ అనే కంపెనీ వాటిని తెచ్చి పెట్టి ఏడాదయినా అవేమిటో ఎవరికీ చెప్పలేదు. లోపల పనిచేసేవాళ్ళు నోరు విప్పబోమని సంతకాలు పెట్టారు. అది జూదశాల అని కొందరు, విదేశీ రొయ్య పిల్లల్ని పొదిగిస్తున్నారని కొందరు ఊహించుకున్నారు. చివరికి ఆ గుట్టు కంపెనీయే బయటపెట్టింది. అవి సరస్సు నీటితో చల్లబరిచే పెద్ద పెద్ద కంప్యూటర్లట. మంగళవారం నాడు మూడో బార్జిలోని పద్దెనిమిది టన్నుల యంత్రాలు దొంగతనంగా తరలిపోయాయట. ఫిర్యాదు చెయ్యాలంటే పోయిందేమిటో చెప్పక తప్పదు కదా.

దొంగ పేరు కూడా వాళ్ళే చెప్పారు. ఉదయ్ కిరణ్, ఇరవై తొమ్మిదేళ్ళ ఇంజనీరు. మంగళవారం సాయంత్రం అయిదూ నలభైకి లాంచీ దిగి వెళ్ళినవాడు మళ్ళీ కనిపించలేదు. గురువారం పొద్దున తాడేపల్లిగూడెం నుంచి బ్లెస్సీ అనే స్కూలు టీచరు రాజకుమారి ఆఫీసుకొచ్చి కూర్చుంది. ఉదయ్ కిరణ్‌తో ఆమెకు పెళ్ళి నిశ్చయమైంది. ముహూర్తం ఇంకా పదకొండు రోజుల్లో. ఆ అమ్మాయి ఏడవలేదు. అతను దొంగ కాదని వాదించలేదు కూడా.

"ఆయన ఎక్కడికెళ్ళినా చేరాక ఒక మెసేజ్ పెడతారండీ. ఈసారి పెట్టలేదు. అంటే ఇంకా ఎక్కడికీ వెళ్ళలేదన్నమాట" అంది.

ఆ మాట రాజకుమారికి తెగ నచ్చేసింది. కేసు అక్కడికక్కడే ఒప్పుకుంది.

బార్జి మీద ఆమె కోసం ఇద్దరు ఎదురుచూస్తున్నారు. ఒకరు కంపెనీ మేనేజరు భానుప్రకాష్. సన్నగా, పొడుగ్గా, ఇస్త్రీ మడత చెదరని మనిషి. రెండోవాడు నిరంజన్, హైదరాబాద్ నుంచి ఇన్సూరెన్సు వాళ్ళు పంపిన డిటెక్టివ్. మెరిసే బూట్లు, చేతిలో టాబ్లెట్. గురువారం నుంచీ ఇక్కడే అతిథి గదిలో ఉంటున్నాడు.

భానుప్రకాష్ చాలా మర్యాదగా, పెళ్ళికూతురి తరఫున వచ్చారు కాబట్టి కాదనలేకపోయానని, సరిగ్గా గంటసేపు చూసుకోవచ్చని, పదకొండింటికి దిగిపోవాలని చెప్పాడు. నిరంజన్‌కి అంత ఓపిక లేదు.

"నా రిపోర్టు సగం టైపయిపోయింది మేడమ్. మీరు గంట వృథా చేసుకోవడం దేనికి?"

"మిగతా సగం నా కోసం ఉంచారన్నమాట. చాలా సంతోషమండీ" అంది రాజకుమారి.

అతను టాబ్లెట్ తెరిచి చూపించాడు. అయిదూ నలభైకి లాంచీ రిజిస్టరులో ఉదయ్ కిరణ్ సంతకం. ఆరూ ఇరవైకి అతని ఫోను తాడేపల్లిగూడెం రైల్వే స్టేషన్ దగ్గర ఆఖరిసారి పలికి ఆగిపోయింది. మధ్యాహ్నం మూడు గంటలప్పుడు యంత్రాలు మోసే పడవ రెండుసార్లు ఒడ్డుకెళ్ళొచ్చినట్టు ఇంకో రిజిస్టరులో ఉంది. మనిషి రైలెక్కేశాడు, యంత్రాలు లారీ ఎక్కేశాయి, ఇక చేయడానికేం లేదన్నాడు నిరంజన్.

రాజకుమారి ఆ అంకెలు రెండుసార్లు చదువుకుంది. అప్పుడే వాదనకి దిగలేదు. ముందు వంటగది చూస్తానంది. మేనేజరు నవ్వి, వంటగదిలో ఏం పోయిందన్నాడు. పొద్దున్నే బయల్దేరానండీ, కాస్త టీ దొరుకుతుందేమోనని, అందామె.

వంటవాడు నాగూర్ ఏలూరు మనిషి. అరవై దాటాయి. అతని ఉప్మా, కిచిడీ తిన్నవాళ్ళు కంపెనీ మారినా అతన్ని మరిచిపోరని చెప్పుకుంటారు. టీ చాలా బాగుంది. రాజకుమారి స్టూలు మీద కూర్చుని, వంటవాళ్ళకు సంతోషం కలిగించే ప్రశ్నలన్నీ వేసింది. బార్జి మీద ఎంతమంది తింటారని అడిగితే, మేనేజరు గారు, ఇద్దరు టెక్నీషియన్లు, ఇద్దరు గార్డులు, హైదరాబాద్ సారు, తను, మొత్తం ఏడుగురని లెక్క చెప్పాడు. సరుకులెక్కడ్నించి తెస్తారంటే, కూరగాయలు ఏలూరులోనూ, ఉల్లిపాయలు మాత్రం ప్రతి మంగళవారం తాడేపల్లిగూడెం మార్కెట్లోనూ అన్నాడు. రెండు గంటల లాంచీలో వెళ్ళి, సాయంత్రం ఉల్లిపాయలు కొని, రాత్రికి ఇంట్లో పడుకుని, పొద్దున ఏడింటికి తిరిగి వస్తాడట.

మంగళవారం, తాడేపల్లిగూడెం, సాయంత్రం. రాజకుమారి ఆ మూడు మాటల్ని టీతో పాటు మెల్లగా లోపలికి దించుకుంది. తర్వాత గ్లాసు కడుగుతానంటూ లేచి, నాగూర్ వద్దండీ వద్దండీ అంటూండగానే తొట్టె దగ్గరికి వెళ్ళింది.

ఉప్మా తిన్న ప్లేట్లు ఇంకా కడగలేదు. లెక్కపెట్టింది. ఎనిమిది.

అడుగునున్న ప్లేటు బయటికి తీసింది. దాని అంచు మీద పచ్చిమిరపకాయ ముక్కలు ఉన్నాయి. పారేసినట్టు కాదు, పేర్చినట్టు. పెద్దది, దాని పక్కన కొంచెం చిన్నది, ఆ పక్కన ఇంకా చిన్నది. ఎలా తింటారమ్మా మీ ఆయన అని గురువారం మాటవరసకి అడిగినప్పుడు బ్లెస్సీ చెప్పింది ఇదే. మిరపకాయ ముక్కలన్నీ ఏరి, పొడుగు ప్రకారం వరసపెడతాడని, పెళ్ళయ్యాక ఆ అలవాటు మాన్పించాలని.

రాజకుమారికి ఆ ప్లేటు పట్టుకుని గంతెయ్యాలనిపించింది. మనిషి బతికే ఉన్నాడు. ఈ పొద్దున ఉప్మా తిన్నాడు. బ్లెస్సీ అన్నట్టు, ఎక్కడికీ వెళ్ళలేదు.

వెనక్కి తిరిగేసరికి నాగూర్ మొహంలో నెత్తురు లేదు. తలుపవతల గార్డు బూట్ల చప్పుడు వినిపిస్తోంది. రాజకుమారి కుళాయి తిప్పి, ఆ ప్లేటు తనే శుభ్రంగా కడిగి, తుడిచి, అరలో పెట్టింది.

"ఉప్మాలో ఉప్పు సరిగ్గా పడిందాండీ?" అంది మామూలు గొంతుతో.

నాగూర్ కళ్ళలో నీళ్ళు తిరిగాయి. "సరిపోయిందన్నారండీ" అన్నాడు.

మూడో బార్జికి వెళ్ళేసరికి పదీ ఇరవై అయిదు. నిరంజన్ ముందు నడిచాడు. కింది అంతస్తంతా ఒకటే హాలు. వరసగా ఇనుప అరలు, అన్నీ ఖాళీ. అతను ఇక్కడ రెండు వందల పన్నెండు ఫోటోలు తీశానని చెప్పాడు. రాజకుమారి ఒక అర ముందు కూర్చుని, యంత్రాలు బిగించే బోల్టు రంధ్రాల్లోకి టార్చి వేసింది. ఒకటి, రెండు, పది, ఇరవై. అన్నింట్లోనూ రంగు చెక్కు చెదరకుండా ఉంది.

మళ్ళీ లేచి, బార్జి అంచుకి వెళ్ళి, కింద దోనెలో ఉన్న సూరమ్మను పిలిచింది. సూరమ్మ పుట్టింది కొల్లేటిలోనే, యాభై ఏళ్ళుగా గెడ వేస్తోంది. బార్జి పక్కనంటా ఒకసారి చూసి, పాచి ఎక్కడిదాకా పట్టిందో చెప్పమంది రాజకుమారి.

సూరమ్మ దోనె నడుపుకుంటూ ఈ చివర్నించి ఆ చివరిదాకా వెళ్ళొచ్చింది. నీళ్ళ దగ్గరే ఆగిపోయిందమ్మా, పైన చుక్క లేదు అంది.

"పడవలో సరుకు దింపేస్తే ఏమవుద్దండీ సూరమ్మగారూ?"

"తేలుద్ది కదమ్మా. అందాకా నీళ్ళలో ఉన్న పాచి పైకొచ్చి ఎండిపోద్ది. పచ్చగా చారలా కనపడుద్ది, నెల్లాళ్ళయినా పోదు. దీనికి ఏ చారా లేదు. ఇది వచ్చిన కాణ్ణించీ ఇలాగే ఉంది."

నిరంజన్ టాబ్లెట్ చంకలో పెట్టుకుని, సరస్సులో నీళ్ళు పెరుగుతూ తరుగుతూ ఉంటాయి కదా అన్నాడు. తేలే వస్తువుకి దాంతో పనేముందండీ, అది నీళ్ళతో పాటే లేస్తుంది, నీళ్ళతో పాటే దిగుతుంది అంది రాజకుమారి. బార్జి పొడవెంతో వెడల్పెంతో అతని రిపోర్టులోనే ఉంది. పద్దెనిమిది టన్నులు దింపితే నాలుగు వేళ్ళ ఎత్తు పైకి లేవాలి. ఆ నాలుగు వేళ్ళ పాచి ఎక్కడ? బోల్టు రంధ్రాల్లో రంగు ఎందుకు గీరుకోలేదు?

"రెండు వందల ఫోటోలు తీశారు. నీళ్ళ మీదికి దిగి ఒక్కటి తీయలేదు" అంది. "మంగళవారం ఏమీ పోలేదండీ నిరంజన్ గారూ. పోవడానికి ఇక్కడ ఎప్పుడూ ఏమీ లేదు."

నిరంజన్ మొహం ఎర్రబడింది. అయినా వదల్లేదు. "మరి ఆ అబ్బాయి పారిపోవడం ఏమిటి? సంతకం, ఫోను?"

"అయిదూ నలభైకి లాంచీ దిగిన మనిషి ఆరూ ఇరవైకి తాడేపల్లిగూడెంలో ఉండాలంటే రెక్కలుండాలి. మీరెప్పుడైనా ఇక్కణ్ణించి అక్కడికి కార్లో వెళ్ళారా?"

నిరంజన్ వెళ్ళలేదు. టాబ్లెట్లో మ్యాప్ తెరిచాడు. గంటన్నర చూపించింది. అతను చాలాసేపు ఆ తెర వైపే చూస్తూ నిలబడ్డాడు. రాజకుమారికి అతని మీద ఆ క్షణంలోనే ఇష్టం కలిగింది. తప్పు కనపడ్డాక అతను కళ్ళు తిప్పుకోలేదు.

ఇదంతా హాలు గుమ్మంలో నిలబడి భానుప్రకాష్ విన్నాడు. ఊహలు బాగున్నాయి మేడమ్ అని నవ్వి, ఒక ఫోను చేసుకోవాలని చెప్పి వెళ్ళిపోయాడు. నడక మాత్రం నవ్వినంత తీరిగ్గా లేదు.

రాజకుమారి వాచీ చూసుకుంది. పదీ నలభై అయిదు. పనివాళ్ళు రాని బార్జి ఇదొక్కటే, ఇందులో మనిషి దాక్కోవాలంటే గోడల వెనకే చోటు. హాలు మధ్యకి వచ్చి, గోడల వైపు తిరిగి, చుట్టాలింటికి వచ్చినట్టు మాట్లాడింది.

"ఉదయ్ కిరణ్ గారూ, నన్ను బ్లెస్సీ పంపిందండీ. మీ మిరపకాయల ప్లేటు కడిగేశాను, భయం లేదు. ఇంకో సంగతి. పెళ్ళికార్డులు అచ్చయి వచ్చాయట. వరుడి పేరు ఉదయ్ కిరాణా అని పడిందట. నాలుగొందల కార్డులు. మీరు బయటికొస్తే గానీ ఏం చెయ్యాలో తేలదంటోంది."

నిరంజన్ ఆమెకు మతి పోయిందా అన్నట్టు చూశాడు. అంతలో గోడ వెనక ఎవరో ఆపుకోలేక నవ్వారు. ఆ నవ్వు దగ్గులోకి దిగింది. నీటి గొట్టాలు దాచే రేకు పలక ఒకటి పక్కకి జరిగింది. అందులోంచి గడ్డం మాసి, తల నిండా దుమ్ముతో, ఉదయ్ కిరణ్ బయటికొచ్చాడు.

అతను చెప్పింది రెండు నిమిషాల్లో అయిపోయింది. మూడో బార్జికి యంత్రాలు రానేలేదు. వచ్చినట్టు కాగితాలు మాత్రం ఉన్నాయి. మంగళవారం మధ్యాహ్నం ఆ కాగితాల మీద సంతకం పెట్టమని భానుప్రకాష్ ఒత్తిడి చేశాడు. పెట్టనన్నాడు. అయితే నువ్వు ఒడ్డుకు చేరవన్నాడు మేనేజరు. లాంచీలన్నీ కంపెనీవే. అందుకని గోడ వెనక సందులో దూరాడు. తను వెళ్ళిపోయాననుకుంటే ఇక్కడ వెతకరని, ఫోను నాగూర్‌కిచ్చి తాడేపల్లిగూడెంలో ఆపేయమన్నాడు. మనిషి కనపడక భానుప్రకాష్ తనే రిజిస్టరులో సంతకం గీకి, దొంగతనం కథ అల్లాడు. నాగూర్ బ్లెస్సీకి చీటీ ఇవ్వడానికి ఇంటిదాకా వెళ్ళాడు గానీ, గేటు దగ్గర కంపెనీ మనిషి కాపలా ఉండడం చూసి తిరిగొచ్చేశాడు.

"ఇన్సూరెన్సు మనిషి వస్తే చెప్పేద్దామనుకున్నానండీ" అన్నాడు ఉదయ్ కిరణ్, నిరంజన్ వైపు చూడకుండా. "వచ్చిన రోజు నుంచీ ఆయనా మేనేజరు గారూ కలిసి ఈ హాల్లో తిరుగుతూ నవ్వుకుంటుంటే గోడ వెనక వినిపించేది. ధైర్యం చాలలేదు."

నిరంజన్ తల వంచుకున్నాడు. తన రిపోర్టు తెరిచి, టైపయిన సగాన్ని వాళ్ళ ఎదుటే చెరిపేశాడు.

గాలి వచ్చే కంత దగ్గర ఫోనుకి కొద్దిగా సిగ్నల్ ఉంది. రాజకుమారి బ్లెస్సీకి కలిపి, ఏమీ చెప్పకుండా ఫోను ఉదయ్ కిరణ్ చేతికిచ్చింది. అతను హలో అన్నాడు.

"తిన్నారా?" అని అవతలి నుంచి వినిపించింది.

"ఉప్మా" అన్నాడతను.

ఆ తర్వాత ఇద్దరూ ఒకేసారి మాట్లాడ్డం మొదలుపెట్టారు. రాజకుమారి పక్కకి తిరిగి, కళ్ళు తుడుచుకుంటున్నది తనొక్కతే కాదని, నిరంజన్ కూడా బూట్ల వైపు చూస్తున్నట్టు నటిస్తూ అదే పని చేస్తున్నాడని గమనించింది.

సరిగ్గా అప్పుడే హాలు తలుపు ధడాలున మూసుకుంది. బయట గడియ పడిన చప్పుడు. నిరంజన్ పరిగెత్తి భుజంతో గుద్దాడు. కదల్లేదు. కాళ్ళ కింద నేల ఒక్క కుదుపు కుదిపింది. గొలుసులు తెగిపడ్డట్టు నీళ్ళలోకి జారిన మోత. ఫోను కట్టయింది.

"బార్జి కదులుతోంది" అన్నాడు ఉదయ్ కిరణ్.

నాలుగు రోజులుగా అతను తిరిగిన దారి ఒకటుంది. గోడ వెనక గొట్టాల సందులోంచి కప్పు మీదికి ఇనుప మెట్లు. నాగూర్ ప్లేటు పెట్టేది ఆ మెట్ల మొదట్లోనే. ముగ్గురూ ఒకరి వెనక ఒకరు ఎక్కారు. రాజకుమారి చీర రెండు చోట్ల చిరిగింది. ఆమె పట్టించుకోలేదు.

కప్పు మీద గాలి బాగా తగులుతోంది. మొదటి రెండు బార్జీలు అప్పుడే వెనకపడ్డాయి. ముందు కంపెనీ టగ్ బోటు లావుపాటి తాడుతో ఈ బార్జిని లాక్కుపోతోంది. బోటులో భానుప్రకాష్ నిలబడి ఉన్నాడు. వెనక్కి తిరిగి చూడలేదు. సూరమ్మ దోనె తాడు ఎప్పుడు విప్పుకుందో, శక్తికొద్దీ గెడ వేస్తూ కొల్లేటికోట వైపు దూసుకుపోతోంది.

రాజకుమారి పోలీసులకు ఫోను చేసింది. అన్నీ వరసగా చెప్పింది. వాళ్ళు వెంటనే బయల్దేరుతున్నామన్నారు, పడవ సంపాదించి రావడానికి గంట పడుతుందన్నారు.

నిరంజన్, పాచి చూపించే సాక్ష్యాన్ని మాయం చెయ్యడానికి దీన్ని సముద్రంలోకి తీసుకుపోతున్నారన్నాడు. ఉదయ్ కిరణ్ టగ్ బోటు పోతున్న దిక్కు చూసి, తల అడ్డంగా ఊపాడు. అతని మొహంలో ఇందాకటి నవ్వంతా పోయింది.

"సముద్రం దాకా పోదండీ. ఇది ఉప్పుటేరు దారి. ఈ పెట్టెలు నీళ్ళ మీద పాతికడుగులు ఉంటాయి. ఉప్పుటేరు మీద వంతెన కింద పదిహేను అడుగులే ఖాళీ. వచ్చేటప్పుడు పెట్టెలు విడగొట్టి తెచ్చింది అందుకే. ఈ వేగంతో వెళ్తే నలభై నిమిషాల్లో వంతెనకి గుద్దుకుంటుంది. అక్కడ లోతు ఎక్కువ. పక్కలు చీలి మునిగిపోతే ఇక పాచి చూసేవాడుండడు."

తలుపుకి గడియ పెట్టినవాడికి లోపల మనుషులున్నారని తెలుసు. ఆ సంగతి ముగ్గురికీ ఒకేసారి అర్థమైంది.

నిరంజన్ వంగి, మెరిసే బూట్లు విప్పి, పక్కన పెట్టాడు. పొద్దున్నుంచీ అతను చెప్పడమే గానీ అడిగింది లేదు.

"మేడమ్, ఏం చెయ్యమంటారు?" అన్నాడు.

రాజకుమారి ఆ తాడు బార్జికి ఎక్కడ కట్టి ఉందో వెతుకుతూ కప్పు అంచుదాకా వెళ్ళింది. ముడి కనిపించింది. దాని దగ్గరికి దిగే దారి కూడా కనిపించింది. పొద్దున నిచ్చెన ఎక్కినప్పటికంటే ఆమెకిప్పుడే ఎక్కువ హుషారుగా ఉంది.

"నలభై నిమిషాలన్నారు కదండీ? అందులో మూడు అయిపోయాయి. పదండి" అంటూ ఆమె ముందు దిగింది.